గరగరలాడు వాల్యూమ్ నాబు: దోషమును వెదకి సరిచేయు విద్య

వాడుకలోనున్న వస్తువు చెడిపోయినప్పుడు మన మనస్సు రెండు మార్గములలో ఒకదానిని తొక్కును. "ఇది పోయినది, క్రొత్తది కొందము" అని తక్షణమే తీర్పు చెప్పుట మొదటి మార్గము; "ఇందులో చెడిన భాగమేది?" అని ప్రశ్నించుట రెండవది. రెండవ మార్గమును అలవరచుకొన్నవారి ఇంట వస్తువులు చిరకాలము మన్నును. అంతకుమించి, వారి ఆలోచనకు ఒక క్రమము, చేతికి ఒక నేర్పు, చిత్తమునకు ఒక స్థిమితము లభించును. ఆ మార్గమును అభ్యసించుటకై ఈ అధ్యాయమున నేనెన్నుకొన్న సాధనము మిక్కిలి చిన్నది, చవుకైనది, ఎందఱి ఇండ్లలోనో ఉండునది: కంప్యూటరు స్పీకర్ల వాల్యూమ్ కంట్రోలు.

కొన్ననాడు మెత్తగా, నిశ్శబ్దముగా తిరిగిన నాబు, కొన్నేండ్లు గడచి ఇంటి దుమ్ము, వానకాలపు తేమ సోకిన పిమ్మట, త్రిప్పినప్పుడెల్ల గరగరమని రొద చేయుట మొదలిడును. ఒకనాడు ఎడమ స్పీకరు మూగవోవును; నాబును కొంచెము ప్రక్కకు నొక్కిన మరల పలుకును. ఇంటివారు కొంతకాలము ఆ నాబు జోలికి పోక, దానిని ఒకచోట కదలకుండ నుంచి, శబ్దమును కంప్యూటరులోనే హెచ్చించి తగ్గించి కాలక్షేపము చేయుదురు. తుదకు విసిగి ఆ జతను అటక మీదికెక్కించి, సికింద్రాబాదు పార్కులేనులోని చెనాయ్ ట్రేడ్ సెంటరునకు, అనగా అందఱు ఎఱిగిన సీటీసీకి పోయి, క్రొత్త జతను కొనితెత్తురు. అటకెక్కిన జతలో ట్రాన్స్‌ఫార్మరు, ఆంప్లిఫయరు బోర్డు, స్పీకరు కోనులు, చెక్కపెట్టె తఱచుగా ఏ లోపమును లేకయే ఉండును. చెడినది కొద్ది పదుల రూపాయల విలువ చేయు ఒక్క భాగము. అనేక సందర్భములలో అదియు చెడలేదు, మురికి పట్టినది, అంతే.

బాగుచేయుట ఈ ఊరి వృత్తి

సికింద్రాబాదు వారికి ఈ విద్య పరాయిది కాదు. 1806లో మూడవ నిజాము సికిందర్ జా పేరిట ఏర్పడి, దండు ఊరుగా పెరిగిన ఈ పట్టణమున యంత్రములను బాగుచేయుట తరతరముల జీవనోపాధి. లాలాగూడలో 1893 నాటి రైల్వే వర్క్‌షాపు కలదు. పట్టాలపై తిరిగిన పెట్టెలు నియతకాలమున లోనికి వచ్చి, విడదీయబడి, భాగము భాగముగా పరీక్షింపబడి, అరిగినవి మార్పించుకొని, మరల ప్రయాణమునకు సిద్ధమగుట అట్టి వర్క్‌షాపుల పద్ధతి. ఒక బేరింగు అరిగినదని పెట్టెను సాంతము తుక్కు చేయు ఆలోచన అచ్చటి కార్మికునకు కలలోనైన రాదు. తిరుమలగిరిలో భారతసైన్యపు ఎలక్ట్రానిక్స్, మెకానికల్ ఇంజనీరింగు కళాశాల కలదు. 1943 అక్టోబరు 15న ఏర్పడిన ఈఎంఈ దళమువారి విద్యాలయమది. ఫిరంగి మొదలు రేడియో సెట్టు వఱకు సైన్యపు పరికరములను పనిచేయు స్థితిలో నుంచుట ఆ దళమువారి కర్తవ్యము. "కర్మ్ హీ ధర్మ్" వారి ధ్యేయవాక్యము. కుషాయిగూడ వైపున 1967లో వెలసిన ఈసీఐఎల్ సంస్థ, పశ్చిమగోదావరి జిల్లా మోగల్లులో జన్మించిన అయ్యగారి సాంబశివరావుగారి నేతృత్వమున, టెలివిజన్లను, కంప్యూటర్లను స్వదేశమున నిర్మించినది, ఏ.ఎస్.రావునగరునకు ఆ పేరు వారినుండియే వచ్చినది.

ఇట్టి సంస్థలలో చేయి తిరిగినవారి పనిని దగ్గర నిలిచి చూచిన ఒక విషయము స్పష్టమగును. వస్తువు ముందుకు రాగానే వారు స్క్రూడ్రైవరు తీయరు. మొదట దానిని నడిపించి వినెదరు. పిదప, ఎప్పటినుండి ఇట్లున్నదని, ఎప్పుడు హెచ్చుచున్నదని అడిగెదరు. ఆ తరువాతనే విప్పెదరు. వినుట, అడుగుట, విప్పుట అను ఈ వరుసయే ఈ అధ్యాయమునకు ప్రాణము.

నాబు వెనుక నున్నది

నాబును నిటారుగా ముందుకు లాగిన ఊడివచ్చును. దాని వెనుక ఒక కాడ, ఆ కాడ మొదట రూపాయి బిళ్ళకన్న చిన్నదగు ఒక డబ్బీ ఉండును. శాస్త్రగ్రంథములు దీనిని పొటెన్షియోమీటరనియు, దుకాణములవారు వాల్యూమ్ కంట్రోలనియు పిలుతురు. 1841లో జర్మను శాస్త్రజ్ఞుడు యోహాన్ క్రిస్టియన్ పొగెన్‌డార్ఫ్ విద్యుత్పీడనమును కొలుచుటకు కల్పించిన సాధనము పేరు కాలక్రమమున దీనికి సంక్రమించినది. డబ్బీలోపల అర్ధచంద్రాకృతిని మించి వంగిన నల్లని కర్బనపు పూత యుండును. పూత రెండు కొనలకు రెండు పిన్నులు. పూతమీద జారుచు తిరుగు సన్నని లోహపు వైపరు, దానికి నడిమి పిన్ను. పాట తాలూకు సంకేతము ఒక కొననుండి ప్రవేశించును. రెండవ కొన గ్రౌండునకు కలుపబడి యుండును. వైపరు మొదటి కొనకు దగ్గరైనకొలది శబ్దము హెచ్చును, గ్రౌండు కొనకు చేరినకొలది తగ్గును. ఎడమ స్పీకరునకొకటి, కుడి స్పీకరునకొకటి చొప్పున రెండు పూతలు ఒకే కాడచే నడుపబడును గనుక స్టీరియో కంట్రోలునకు ఆరు పిన్నులుండును. త్రిప్పుట మొదట టిక్కుమని పలుకు స్విచ్చు కూడ అందే యున్నచో మఱికొన్ని.

అరిగిపోయిన కంట్రోలు నొకదానిని రేకు మడతలు లేపి లోన చూచిన కారణము కంటికి కట్టును. నల్లని పూతమీద వైపరు వ్రేళ్ళు గీచిన నిగనిగలాడు చారలు. ఆ చారల అంచున చేరిన బూడిదరంగు పొడి. ఆ పొడితో గట్టిపడిన పాత గ్రీజు. వైపరు ఆ ముద్దపై కెక్కిన క్షణమున స్పర్శ తెగును, దిగిన క్షణమున కలియును. నాబు ఒక్కసారి తిరుగునంతలో పలుమార్లు జరుగు ఈ తెగుట కలియుటలనే ఆంప్లిఫయరు పెద్దవి చేసి మన చెవికి గరగరగా వినిపించుచున్నది.

లక్షణమునుబట్టి కారణనిర్ణయము

స్పీకరును విప్పుటకు ముందు అది దోషి యగునో కాదో తేల్చవలెను. కంప్యూటరునుండి పిన్నును తీసి ఒక ఫోనునకు తగిలించి వినుడు. అప్పటికిని దోషమున్నచో తీగను మార్చి వినుడు. కంప్యూటరులో ఎడమ కుడి స్పీకర్ల బాలెన్సు సమముగా నున్నదో చూడుడు. ఇచ్చట ఒక నియమమును కఠినముగా పాటింపవలెను: ఒక్కసారికి ఒక్క మార్పే చేయవలెను. తీగను, ఫోనును, అమరికను ఒకేసారి మార్చినచో దోషము పోవచ్చును గాని, అది ఎచ్చట నుండెనో తెలియరాదు. స్థానము తెలియని దోషము తిరిగి వచ్చుట నిశ్చయము.

పిదప లక్షణమును పరిశీలింపవలెను. నాబును త్రిప్పునప్పుడు మాత్రమే గరగర వినబడి, విడిచినంతనే శాంతించినచో, పూతపై మురికి చేరినదని అర్థము. దీనికి శుద్ధి చాలును. నాబును ప్రక్కకు నొక్కినప్పుడు మాత్రమే ఒక స్పీకరు పలికినచో, పిన్ను వద్ద సోల్డరు బీట వాఱియుండును, లేదా వైపరు పట్టు సడలియుండును. నాబును ఎంత తగ్గించినను శబ్దము తగ్గక నిండుగానే మ్రోగినచో, పూత గ్రౌండు కొన తెగినదని అనుమానింపవలెను. దిగుటకు త్రోవ లేక సంకేతమంతయు వైపరు ద్వారా లోనికే పోవుచున్నదన్నమాట. నాబును ముట్టకున్నను గుమ్మను శబ్దము ఎడతెగక వచ్చుచున్నచో అది వాల్యూమ్ కంట్రోలు తప్పు కాదు. మన ఇంటి కరెంటు సెకనుకు 50 ఆవృత్తులది గనుక, విద్యుత్తును చదును చేయు ఫిల్టరు కెపాసిటరు నీరసించినప్పుడు 100 ఆవృత్తుల గుంయికారము పాటలో కలియును. నాబు ఎచ్చటను ఆగక గుండ్రముగా తిరుగుచుండినచో అది పొటెన్షియోమీటరే కాదు, ఎన్‌కోడరు అను వేఱొక జాతి. దానిలోను స్పర్శలకు మురికి పట్టి శబ్దము మెట్లు మెట్లుగా వెనుకకు ముందుకు గెంతును, శుద్ధికి లొంగును, కాని మార్చవలసి వచ్చినప్పుడు దానికి ఎన్‌కోడరునే తేవలెను.

విప్పుటకు ముందు

ఇప్పుడు నేను చెప్పబోవునది తక్కిన అధ్యాయమంతటికంటె ముఖ్యము. గోడలోని ప్లగ్గునుండి వచ్చునది 230 వోల్టుల విద్యుత్తు, అది ప్రాణాంతకము. స్విచ్చు ఆర్పుట చాలదు. ప్లగ్గును పీకి కంటికెదురుగా పెట్టుకొనవలెను. పెట్టెలోని పెద్ద కెపాసిటర్లు ప్లగ్గు తీసిన తరువాత కూడ కొంతసేపు విద్యుత్తును నిలువయుంచుకొనును గనుక కొన్ని నిమిషములు ఆగి, మల్టీమీటరుతో వాటి కొనలను కొలిచి, తగ్గినదని నిర్ధారించుకొన్న పిదపనే చేయి పెట్టవలెను. యూఎస్‌బీ తీగతో నడుచు చిన్న స్పీకర్లలో 5 వోల్టులే యుండును. నేర్చుకొనువారు వానితో మొదలిడుట శ్రేయస్కరము. పిల్లలు ఈ పని చేయునప్పుడు పెద్దలు ప్రక్కన నుండితీరవలెను.

స్క్రూలు తఱచుగా వెనుక పలకకును, అడుగున రబ్బరు కాళ్ళ క్రిందను దాగియుండును. తీసిన ప్రతి స్క్రూను ఒక పళ్ళెములో, తీసిన వరుసలోనే పేర్చుడు. లోపలి తీగలు ఏవి ఎచ్చట తగిలియున్నవో విడదీయుటకు ముందే ఫోనులో ఫొటో తీసికొనుడు. ఈ రెండు అలవాట్లు లేక, విప్పగలిగి బిగింపలేకపోయినవారు పెక్కుమంది.

శుద్ధి

ఎలక్ట్రానిక్ పనులకై అమ్ము కాంటాక్టు క్లీనరు స్ప్రేయే దీనికి తగిన మందు. అది దొరకనప్పుడు నీరు మిక్కిలి తక్కువగానున్న ఐసోప్రొపైల్ ఆల్కహాలు మధ్యమము. డబ్బీ వెనుక, పిన్నులు బయటికి వచ్చు చోట చిన్న సందు కనబడును. ఆ సందులోనికి స్ప్రే గొట్టపు కొనను పెట్టి రవంత మాత్రమే చిమ్మి, కాడను ఈ కొననుండి ఆ కొనకు ఇరువది ముప్పది మార్లు నిండుగా త్రిప్పవలెను. కరిగిన మురికిని వైపరే ప్రక్కకు నెట్టును. అవసరమైన మఱియొకసారి చిమ్మి త్రిప్పి, అర్ధగంటయైన గాలికి ఆరనిచ్చి, పూర్తిగా ఆరిన పిదపనే ప్లగ్గు పెట్టవలెను. ఈ ద్రవములు త్వరగా అంటుకొనునవి. దీపము, అగరువత్తి, పొయ్యి దరిదాపుల నుండరాదు, కిటికీ తెరచియుండవలెను.

కొబ్బరినూనె, కుట్టుమిషను నూనె, కిరసనాయిలు, పెట్రోలు వంటివానితో ఈ పని చేయువారున్నారు. నూనె వేసిననాడు నాబు హాయిగా తిరుగుట నిజమే. కాని ఆ జిడ్డుకు దుమ్ము అంటుకొని కొలదికాలములోనే ముందుకంటె దట్టమైన ముద్ద ఏర్పడును. పెట్రోలు ప్లాస్టిక్కును చెఱచును, నిప్పుకు ఆహ్వానము పలుకును. తాత్కాలిక సుఖము నిచ్చి మూలమును పాడుచేయు ఉపాయములను దూరముగా నుంచుట మంచిది.

కొలత

శుద్ధి తరువాతను దోషము నిలిచియున్నచో అనుమానమునకు తావీయక కొలువవలెను. మల్టీమీటరును ఓముల అమరికలో పెట్టి మూడు పిన్నులలో రెండు చివరివానిని తాకినచో, డబ్బీపై ముద్రింపబడిన విలువకు దగ్గరి సంఖ్య రావలెను. నూటికి ఇరువది వఱకు హెచ్చుతగ్గులు సహజము. పిమ్మట నడిమి పిన్నును, ఒక చివరి పిన్నును తాకి కాడను మెల్లగా త్రిప్పుడు. సంఖ్య సున్నకు దగ్గరనుండి నిండు విలువ వఱకు జారుచు పోవలెను. నడుమ ఎచ్చటనైన గెంతినను, అనంతమును చూపినను, ఆ చోట పూత తెగినది. బోర్డుమీద నుండగా కొలిచిన సంఖ్యలు ఇతర భాగముల ప్రభావమున కొంత మాఱుటకు అవకాశమున్నది గనుక కడపటి తీర్పు కంట్రోలును ఊడదీసిన పిదపనే చెప్పవలెను.

మార్పు

క్రొత్త కంట్రోలు కొఱకు కోఠిలోని గుజరాతీ గల్లీ వంటి విడిభాగముల బజారునకు పోవువారికి ఒక్క సలహా: పాతదానిని వెంట తీసికొనిపొండు. అట్టి దుకాణమునందు ఒక విద్యార్థికిని, కౌంటరు వెనుకనున్న పెద్దకును జరుగు సంభాషణ ఈ విధముగా నుండును.

"అన్నా, వాల్యూమ్ కంట్రోల్ కావాలె, యాభై కే."

"సింగిలా, డబులా? ఏ నా, బీ నా? పాతది తెచ్చినవా తమ్మీ?"

"లేదన్నా, నంబర్ రాసుకొచ్చిన."

"పాతది పట్టుకరా. షాఫ్ట్ పొడుగు కలువకుంటె నాబు ఎక్కది."

ఆ మూడు ప్రశ్నలలోనే శాస్త్రమంతయు నిమిడియున్నది. సింగిలనగా ఒకే పూత, డబులనగా స్టీరియోకు కావలసిన రెండు పూతలు. నేడు మన బజారులో దొరకు సరుకుపై 'బీ' అక్షరము తిరిగినంత మేరకు సమముగా మాఱు పూతను, 'ఏ' అక్షరము మొదట మెల్లగా, చివర వేగముగా మాఱు పూతను సూచించును. ఈ రెండవదాని అవసరము మన చెవినుండి పుట్టినది. శబ్దము రెండింతలైనట్లు మనకు తోచవలెనన్న దాని శక్తి సుమారు పదింతలు పెరుగవలెను. బాహ్యప్రేరణమునకును ఇంద్రియానుభవమునకును గల ఇట్టి సంబంధమునే గుస్తావ్ ఫెక్నర్ అను జర్మను పండితుడు 1860లో ప్రకటించిన గ్రంథమున సూత్రీకరించెను. సమముగా మాఱు పూతను వేసినచో నాబు కొంచెము తిరుగగానే శబ్దము ఒక్కుమ్మడి లేచి, ఆపైన తిరిగినంత దూరము మార్పు లేనట్లు తోచును. కనుక పాతదానిపై 'ఏ' యున్నచో 'ఏ'నే అడుగవలెను. విలువ, అక్షరము, పిన్నుల సంఖ్య, పిన్నుల ఎడము, కాడ పొడవు, కాడ కొన గుండ్రమా పళ్ళదా అర్ధవృత్తమా అను ఈ ఆరును సరిపోయిన వస్తువే మన వస్తువు.

ఊడదీయుటకు 25 వాట్ల సోల్డరింగు ఐరను చాలును. పాత సోల్డరు మొండికెత్తినచో దానిపై రవంత క్రొత్త సోల్డరు కరిగించిన తేలికగా కదలును. కరిగినదానిని పంపుతో పీల్చివేయవలెను. తగరము 60, సీసము 40 పాళ్ళు గల సాధారణ సోల్డరు 183 డిగ్రీల వద్ద కరుగనారంభించును. ఒక్కొక్క పిన్నును మూడు నాలుగు సెకనులకు మించి కాల్చినచో బోర్డుమీది రాగిరేకు లేచిపోవు ప్రమాదమున్నది. తొందరపడి లాగినను అంతే. ఒక పిన్ను అయిన పిదప ఇంకొకటి, నడుమ చల్లారుటకు వ్యవధి, ఇదియే పద్ధతి. సీసమున్న పదార్థము గనుక పని ముగిసిన వెంటనే చేతులు సబ్బుతో కడుగుకొనవలెను. సోల్డరు కరుగునప్పుడు లేచు పొగను పీల్చరాదు.

క్రొత్త కంట్రోలు వేసినను గరగర మరల వినబడినచో నిరుత్సాహపడకుడు. కంట్రోలునకు ముందో వెనుకనో నున్న కప్లింగు కెపాసిటరు తన పని మానుకొని డీసీ విద్యుత్తును కారనిచ్చుచుండవచ్చును. ఆ డీసీ పూతమీదికి వచ్చినప్పుడు ఎంత క్రొత్త కంట్రోలైనను గరగరలాడును. ఆ కెపాసిటరును అదే విలువ, అంతకు తగ్గని వోల్టేజి గలదానితో మార్చిన రొద అణగును.

ఎచ్చట ఆగవలెను

బాగుచేయుటలో నేర్పు ఎంత గొప్పదో, ఆగవలసిన చోట ఆగుటయు అంత గొప్పది. ట్రాన్స్‌ఫార్మరు కాలిన వాసన వచ్చినను, మెయిను తీగ వద్ద నల్లబడినను, బోర్డు పగిలినను, ఆ పనిని అనుభవజ్ఞుడైన మెకానిక్కునకు అప్పగింపవలెను. వారంటీ యున్న వస్తువును విప్పక కంపెనీవారి సేవాకేంద్రమునకే పంపవలెను. కొన్న వస్తువును బాగుచేయించుకొను హక్కు నేడు ప్రభుత్వముల దృష్టికిని వచ్చినది. 2022 జులైలో కేంద్ర వినియోగదారుల వ్యవహారాల శాఖ ఈ హక్కును గూర్చి విచారించుటకు ఒక సంఘమును నియమించినది. నిజముగా తీరిపోయిన వస్తువును చెత్తబుట్టలో వేయక, అధీకృత ఈ-వ్యర్థముల సేకరణదారునకు ఇయ్యవలెను. 2023 ఏప్రిల్ 1నుండి అమలులోనున్న ఈ-వ్యర్థాల నిబంధనలు ఉద్దేశించినది ఇట్టి నిర్వహణమునే. సోల్డరులోని సీసము మన నేలలోనికిని నీటిలోనికిని దిగకుండ కాపాడుట మన బిడ్డలయెడ మన బాధ్యత.

ఈ సాధనవలన కలుగు లాభము

ఇంత చిన్న భాగమునకు ఇంత విచారమెందులకని కొందఱడుగవచ్చును. కారణనిర్ణయమను గుణము చిన్న పనులయందే అబ్బును. పిల్లవానికి లెక్కలలో మార్కులు తగ్గినప్పుడు "వీనికి చదువు రాదు" అని తండ్రి పలుకు మాట, నాబు గరగరలాడగనే స్పీకర్లను అటకెక్కించు తొందరనుండియే పుట్టినది. ఆ తండ్రి ఒక సాయంకాలము కూర్చుండి, తప్పిన లెక్కలను వరుసగా చూచినచో, అవి అన్నియు భిన్నముల వద్దనే తప్పినవని తెలియవచ్చును. అప్పుడు సరిచేయవలసినది పిల్లవానిని కాదు, భిన్నముల పాఠమును. ఇంటి ఖర్చు మితిమీఱినప్పుడును, కార్యాలయమున పని నిలిచిపోయినప్పుడును పద్ధతి ఇదియే: లక్షణమును వినుట, ఎప్పటినుండి యని అడుగుట, ఒక్కసారికి ఒక్క మార్పు చేసి ఫలితమును చూచుట, చెడిన చోటును మాత్రమే ముట్టుట, చేతకానిచోట ఎఱిగినవారిని పిలుచుట.

దీనికై ఒక చిన్న నోటుపుస్తకమును పెట్టుకొనుడని పాఠకులను కోరుచున్నాను. ఇంటిలో ఏ వస్తువు మొరాయించినను అందులో నాలుగు పంక్తులు వ్రాయుడు: లక్షణమేమి, అనుమానమేమి, చేసిన మార్పేమి, కలిగిన ఫలితమేమి. బాగుపడని సందర్భములను కూడ దాచక వ్రాయుడు. రెండవసారి అవియే మీకు దారి చూపును. దోషము ఎచ్చట నున్నదో ఆ పుస్తకములో వ్రాయకుండ ఏ వస్తువును పారవేయకుడు, క్రొత్తదానికై బజారు మెట్లెక్కకుడు.